పధ్నాలుగు సెకన్ల కన్ను

పశ్చిమ జర్మనీ కళాత్మక సినిమా చరిత్రను పండితులు రకరకాలుగా విభజించారు. కొందరు మేనిఫెస్టోల ప్రకారం, కొందరు ప్రభుత్వ నిధుల ప్రకారం, మరికొందరు దర్శకుల గడ్డాల ప్రకారం. ఆ చరిత్రంతా ఒక స్త్రీ కింది పెదవి మీదుగా నడిచిందన్న ముఖ్యమైన సంగతిని మాత్రం ఇంతవరకూ ఎవరూ గ్రంథస్థం చెయ్యలేదు. ఆ లోటు పూడ్చడం నా బాధ్యత అనుకుంటున్నాను. ఆ పెదవిని దగ్గరగా చూసినవాళ్ళలో బతికున్నది నేనొక్కణ్ణే.

పెదవి వాల్బుర్గా హైండ్ల్ గారిది. మ్యూనిక్‌లో కబేళా పేట వాళ్ళందరికీ ఆవిడ బుర్గి. వృత్తి సినిమా ఎడిటింగ్. ఫిల్ముకి ఒకవైపు నున్నగా ఉంటుంది, రెండోవైపు బొమ్మ నిలిచే పూత ఉంటుంది. ఏది ఏ వైపో తెలియాలంటే ఫిల్ము అంచుని తడి పెదవికి ఆనించాలి. పూత ఉన్న వైపు పెదవిని పట్టుకుంటుంది. మా వృత్తిలో అందరూ చేసే పనే ఇది. అందరూ సందేహం వచ్చినప్పుడు చేస్తారు, బుర్గి సందేహం లేనప్పుడు కూడా చేసేది. ముప్ఫై ఏళ్ళలో మా దేశపు తెర మీద జరిగిన ప్రతి కత్తిపోటూ, ప్రతి ఉరితీతా, మంచులో చచ్చిన ప్రతి సిపాయీ ముందు ఆవిడ పెదవికి తగిలాకే లోకంలోకి వెళ్ళారు. "రుచి ఎలా ఉంది?" అని అడిగితే ఒకటే జవాబు: "ఉప్పు తక్కువ."

నాది పక్క గది. ఎడిటర్ చేతిలో ఉండేది పని కాపీ. దాన్ని ఎన్నిసార్లయినా కోయొచ్చు, అతికించొచ్చు, మనసు మార్చుకుని మళ్ళీ కోయొచ్చు. అన్నీ తేలాక ఆ కాపీ నా గదికి వస్తుంది. దాన్ని ముందు పెట్టుకుని, అంచు మీది అంకెలు సరిచూసుకుంటూ, అసలు నెగెటివ్‌ని నేను కోస్తాను. ఆవిడ తప్పు చేస్తే అతుకు వేస్తే సరిపోతుంది. నేను తప్పు చేస్తే సినిమా ఉండదు. ఇందువల్ల ఎడిటర్లకి పేరొస్తుంది, నెగెటివ్ కోసేవాళ్ళకి కడుపులో పుండొస్తుంది.

బుర్గి పుట్టింది 1929లో, కబేళా గోడని ఆనుకున్న వీధిలో. తండ్రి పందుల నుదుటి మీద సుత్తితో కొట్టే ఉద్యోగి. పింఛనున్న ఉద్యోగం. ఆరో ఏట నుంచి బుర్గి పని ఏమిటంటే, పంది గొంతు కోయగానే కింద తపేలా పట్టి, కారే నెత్తురు గడ్డకట్టకుండా చేత్తో కలుపుతూ ఉండడం. నెత్తురు సాసేజ్‌కి పలచటి నెత్తురు కావాలి. చెయ్యి ఒక్క క్షణం ఆగితే తండ్రి లెంపకాయ కొట్టేవాడు. ఆయన చెయ్యీ నెత్తురు మయమే కాబట్టి చెంప మీద అయిదు వేళ్ళూ అచ్చు పడేవి. "కడుక్కుని బడికి వెళ్ళేదాన్ని. టీచరమ్మ రెండోవైపు కొట్టేది, ఆలస్యమైందని" అని బుర్గి నాతో చెప్పింది. అప్పుడు ఆవిడ ఆ సాసేజే తింటోంది.

పదిహేనో ఏట బాంబులు పడి వీధిలో సగం పోయింది. తండ్రి ఆ సగంలో ఉన్నాడు. ఇటుకల కింద నుంచి ఆయన్ని మూడు విడతలుగా తీశారు. తల్లి ఇక ఈ పేటా వద్దు, ఈ మాంసమూ వద్దు అని, కూతుర్ని ఊరి దక్షిణాన ఉన్న ఫిల్ము లాబరేటరీలో పనికి పెట్టింది. "అక్కడ నెత్తురుండదు" అందట. సినిమా గురించి ఎవరైనా వేసిన తప్పుడు అంచనాల్లో దీనికి చాలా పై స్థానం ఇవ్వాలి.

న్యాయంగా చెప్పాలంటే, మొదటి పదేళ్ళు ఆ తల్లి మాటే నిలిచింది. అవి కొండల సినిమాల రోజులు. ఆవులు, అడవి కాపలాదార్లు, ఏప్రాన్లు కట్టుకున్న అమ్మాయిలు, చివర్లో సూర్యోదయం. ఆ పదేళ్ళలో బుర్గి అతికించిన ముద్దులు రెండు వందల పైమాట. చచ్చింది ఒకే ఒక్కడు. వాడు దుప్పుల్ని దొంగతనంగా వేటాడేవాడు, కొండమీంచి జారాడు, అదీ దూరం నుంచి చూపించారు. "దూరంగా చచ్చినవాణ్ణి చూస్తే నాకు ఒళ్ళు మండేది. చస్తే చచ్చాడని తెలియాలి కదా" అనేది బుర్గి.

అరవైల్లో గడ్డాలవాళ్ళు వచ్చారు. పాత సినిమా చచ్చిందన్నారు. చావు గురించి అంత ధైర్యంగా మాట్లాడిన వాళ్ళలో చావుని దగ్గరగా చూసినవాడు ఒక్కడూ లేడు. అలాంటి మనిషి వాళ్ళకి అవసరమైంది.

డాక్టర్ ఆర్నుల్ఫ్ టెట్టెన్‌బోర్న్ ఉత్తరాది మనిషి. సన్యాసుల మౌనం మీద పరిశోధన చేసి డాక్టర్ అయ్యాడు, ఆ తర్వాత జీవితంలో ఒక్క నిమిషం మౌనంగా లేడు. అతని మొదటి సినిమాలో ఒక మనిషి అన్నని చంపడానికి తొంభై నిమిషాలు గొడ్డలి నూరతాడు. బుర్గి చేతిలో పడ్డాక అది డెబ్భై అయింది, అన్న చచ్చాడు కూడా. మొదటి రోజే ఆవిడ బొమ్మ ఆపి తెర మీద వేలు పెట్టింది.

"ఇదేంటి హెర్ డాక్టర్?"

"నెత్తురు."

"చెర్రీ జామ్. మధ్యలో గింజ కూడా ఉంది, చూడండి."

"ప్రతీకాత్మకంగా తీసుకోవాలి."

"సరే, కోటు వేసుకోండి."

మా గదులు అప్పటికి కబేళా ఎదురుగానే ఉండేవి. చెయ్యి పట్టుకుని వీధి దాటించి కబేళాలోకి తీసుకెళ్ళింది. ఇరవై నిమిషాల్లో తిరిగొచ్చారు. డాక్టర్ గారి ముఖం గోడ సున్నంలా ఉంది, బూట్ల మీద తను పొద్దున తిన్నది ఉంది. మెట్ల మీదే ఆవిడకి ఉద్యోగం ఖాయం చేశాడు. ఆ రోజునుంచి అతని సినిమాల్లో నెత్తురు నెత్తురులాగే ఉండేది. మనుషులు కూడా చచ్చేటప్పుడు టైము తీసుకుని, కాళ్ళు తన్నుకుని, ఒకళ్ళ మీద ఒకళ్ళు మూత్రం పోసుకుని చచ్చేవాళ్ళు. విమర్శకులు దీన్ని కొత్త సౌందర్యశాస్త్రం అన్నారు.

వాళ్ళిద్దరి మధ్యా జరిగిన యుద్ధాలకి విడిగా ఒక సంపుటం కావాలి. ప్రధానమైనవి రెండు చెబుతాను. అరవై ఏడులో, ఒక శవయాత్ర ఎక్కడ ఆపాలన్న విషయంలో, అతను నిండు ఫిల్ము డబ్బా విసిరాడు. ఆవిడ కనుబొమ చీలింది, మూడు కుట్లు పడ్డాయి. డబ్బాలో మూడో రీలు ఉంది. దానికేమీ కాలేదని తెలిశాకే ఆవిడ ఆస్పత్రికి వెళ్ళింది. అరవై తొమ్మిదిలో శవయాత్ర లేకుండానే, ఒక కిటికీ దృశ్యం గురించి, ఆవిడ ఫిల్ము అతికించే ఇనప పరికరంతో అతని మూతి మీద కొట్టింది. ముందు పళ్ళు రెండు నేల మీద దొర్లాయి. వాటిని తెల్ల గ్లవ్స్ వేసుకుని ఏరి, కాగితంలో చుట్టి, మీద, ఫిల్ముకి గుర్తులు పెట్టే కొవ్వు పెన్సిల్‌తో తేదీ రాసి ఇచ్చింది. అతను కొత్త పళ్ళు పెట్టించుకుని వచ్చి, "నిన్న ఎక్కడ ఆపాం?" అన్నాడు. కోసిన ముక్కలు వేలాడదీసే కొక్కేల చట్రాన్ని మా వృత్తిలో ఉరికంబం అంటారు. నేను కల్పించిన మాట కాదిది, సరుకుల పట్టీలోనే అలా ఉంటుంది. ఆ గదికి అంతకంటే తగిన సామాను ఉండదు.

"అతని దగ్గర మిగతావాళ్ళంతా పారిపోయారు కదా, నువ్వెందుకున్నావు?" అని ఒకసారి అడిగాను.

"మనిషి చచ్చేటప్పుడు వీడు సంగీతం పెట్టడు, ఓట్‌మారూ" అంది బుర్గి. "ఆ ఒక్క గుణం చాలు."

డెబ్భై అయిదులో ఆ గుణం చాలకుండా పోయింది.

సినిమా పేరు 'బూడిద తిన్నవాళ్ళు'. పదహారో శతాబ్దంలో ప్రభువుల మీద తిరగబడ్డ రైతుల కథ, పన్నెండు రీళ్ళు. టెట్టెన్‌బోర్న్‌కి ఈసారి నటులు పనికిరాలేదు, ముఖాలు కావలసివచ్చాయి. మా పేటలో ముఖాలకి కొదవలేదు. ఎద్దుల విభాగంలో కత్తి పట్టే వీట్ ప్రుగ్గర్‌ని చూడగానే, "ఈ మెడ నాలుగు వందల ఏళ్ళది" అన్నాడట. వీట్ ఇంటికెళ్ళి అద్దంలో చూసుకున్నాడు.

నవంబరు బురదలో పోరాటం తీశారు. రైతుల ఆయుధం నూర్పిడి కర్ర. పొడుగు కర్రకి తోలుపట్టీతో పొట్టి కర్ర కట్టి ఉంటుంది, తిప్పితే ఆ పొట్టిది ఎటు వస్తుందో తిప్పినవాడికి కూడా తెలియదు. సామాన్లవాడు వాటికి గుడ్డ చుట్టి తెచ్చాడు. "గుడ్డ చుట్టిన కర్ర గుడ్డ చుట్టినట్టే కనిపిస్తుంది" అని టెట్టెన్‌బోర్న్ విప్పించాడు. దెబ్బలకి బాధ్యత తమదేనని అందరి చేతా ముందే సంతకం పెట్టించాడు. కెమెరా తిరుగుతుండగా పొట్టి కర్ర వచ్చి వీట్ ఎడమ కంట్లో దిగింది. కన్ను పగిలింది. వీట్ అరవలేదు. నిలబడి, చేత్తో ముఖం తడుముకుని, "నా టోపీ ఏదీ?" అన్నాడు. అప్పుడు మోకాళ్ళ మీద కూలి, పక్కకి ఒరిగి, వేళ్ళ సందుల్లోంచి నెత్తురు బురదలోకి కారుతుండగా పడుకున్నాడు. ఎవరో పరిగెత్తబోతే టెట్టెన్‌బోర్న్ కాలర్ పట్టుకుని ఆపాడు. కెమెరా పధ్నాలుగు సెకన్లు తిరిగింది.

ఆ ముక్క బుర్గి దగ్గరికి వచ్చింది. ఎడిటింగ్ బల్ల మీద బొమ్మని ముందుకీ నడపొచ్చు, వెనక్కీ నడపొచ్చు. వెనక్కి నడిపితే నెత్తురు బురదలోంచి లేచి వేళ్ళలోకి ఎక్కేది, వీట్ లేచేవాడు, కన్ను ముఖంలోకి తిరిగొచ్చేది, కర్ర గాల్లోకి వెళ్ళిపోయేది. చాలాసార్లు ఆవిడ అక్కడ ఆపేసి కాఫీ పెట్టుకోవడానికి వెళ్ళేది. నేను పని ఉన్నట్టు నటిస్తూ తలుపు దగ్గర నిలబడి చూసేవాణ్ణి. తెర మీద రెండు కళ్ళతో వీట్ ఎవరినో కొట్టడానికి చెయ్యెత్తి నిలబడి ఉండేవాడు.

వసంతంలో ఒక శుక్రవారం, కబేళా ఎదురు హోటల్లో నేనూ బుర్గీ ఊపిరితిత్తుల పులుసు తింటుంటే వీట్ వచ్చి బల్ల దగ్గర నిలబడ్డాడు. కంటి మీద నల్లగుడ్డ.

"ఫ్రావ్ హైండ్ల్, కూర్చోవచ్చా?"

"బెంచీ నాది కాదు, కూర్చో. ప్రుగ్గర్ కొడుకువి కదూ? మీ నాన్నా మా నాన్నా ఒకటే సుత్తి పంచుకున్నారు. ఎలా ఉంది కన్ను?"

"ఏ కన్ను? ఉన్నదైతే బాగానే ఉంది." కూర్చున్నాడు. "కత్తి పని తీసేశారు. ఒంటికన్నుతో దూరం తెలీదంట. పేగులు కడుగుతున్నా."

"అయ్యో."

"పేగులకేం, అవి పారిపోవు." బీరు తెప్పించుకుని సగం తాగాడు. "ఆ ముక్క మీ దగ్గరుందంట."

"ఉంది. మూడో కొక్కేనికి."

"బాగా వచ్చిందా?"

బుర్గి చెంచా దించింది. "బాగా రావడమేంటిరా? నీ కన్ను పోతుంది అందులో."

"అదే మరి." వీట్ గ్లాసుని గుండ్రంగా తిప్పాడు. "మా పిల్ల వ్రోనికి పదకొండేళ్ళు. ఎద్దు పొడిచిందని చెప్పా. ఎద్దంటే మర్యాదగా ఉంటుంది కదా. అది బళ్ళో అందరికీ చెప్పింది. మా నాన్న కన్ను చేత్తో పట్టుకుని రెండో చేత్తో ఎద్దుని పడేశాడు అని సొంతంగా కలిపింది కూడా. పోన్లే అనుకున్నా. ఇప్పుడు ఆ డాక్టర్ గారు ఇంత తెర మీద వేస్తే... బురదలో, ఎవడో ముక్కూమొహం తెలీని కుర్రవెధవ చేతిలో, టోపీ వెతుక్కుంటూ..."

"టోపీ మాట వినపడదులే" అన్నాను.

"వినపడకపోతే ఏంటి, కనపడుద్దిగా. పిల్లలు బళ్ళో అదే ఆట ఆడతారు. నువ్వు కర్ర, నేను ప్రుగ్గర్ అని." బుర్గి వైపు తిరిగాడు. "చూడండి ఫ్రావ్ హైండ్ల్. పోయిన కన్ను ఎలాగూ పోయింది. దాన్ని మళ్ళీ రోజుకి మూడాటలు పోగొట్టకండి."

బుర్గి పులుసులో రొట్టె ముంచి, నమిలి, మింగింది. "తీసేస్తా" అంది.

నాకు పొలమారింది. వీట్ వెళ్ళాక అడిగాను: "ఏ అధికారంతో తీస్తావు?"

"కత్తెరతో" అంది.

తీసింది. కర్ర లేవడం దాకా ఉంచి, వీట్ ముక్క తీసి, ఆ చోట పొలం మీద కాకుల్ని పెట్టింది. సోమవారం టెట్టెన్‌బోర్న్ వచ్చి చూశాడు. కాకులు రాగానే కుర్చీ వెనక్కి పడిన చప్పుడు నా గదికి వినిపించింది.

"ఏది అది?"

"కొక్కేనికుంది. అక్కడే ఉంటుంది."

"పెట్టు."

"పెట్టను. అది నటన కాదు. వాడు వద్దంటున్నాడు."

"నా సినిమా మొత్తంలో ఉన్న ఒకే ఒక్క నిజం అది! పన్నెండు రీళ్ళలో ఒక్కటి!"

"అలాగా? మరి దాని సౌండ్ ఏం చేశారు హెర్ డాక్టర్? వాడు టోపీ అడిగాడు. మీరు మా కిటికీలోంచి మైకు పెట్టి పంది అరుపు పట్టించి అతికించారు. నిజం చాల్లేదా?"

ఇది వాస్తవం. ఆ పంది అరుపు మా వీధి మొత్తం విన్నదే.

"శబ్దం వేరు! కసాయిదానా, నీకేం తెలుసు శబ్దం గురించి!"

నేను వెళ్ళేసరికి అతను ఆవిణ్ణి జుట్టు పట్టుకుని బల్ల మీదికి వంచుతున్నాడు, ఆవిడ కొవ్వు పెన్సిల్‌తో అతని చెవిలో పొడుస్తోంది. ఉరికంబం ఒరిగి, వందల ముక్కలు ఇద్దరి మెడలకీ చుట్టుకున్నాయి. ఆవిడ కుడిచేత్తో మూడో కొక్కేనికున్న ముక్కని లాక్కుని ఫిల్ము పెట్టెలో దాచబోయింది. అతను పెట్టె ఇనప మూతని చెయ్యి లోపలుండగానే కాలితో తన్ని మూసేశాడు. ఎముక విరిగిన చప్పుడు నేను అంతకుముందు సినిమాల్లో చాలాసార్లు విన్నాను. మేము దానికి పచ్చి ముల్లంగి విరిచేవాళ్ళం. అసలుది అంత బాగా ఉండదు. నేను అతని నడుం పట్టుకుని లాగితే మోచెయ్యి వచ్చి నా ముక్కు మీద పడింది. కాసేపటికి ముగ్గురం నేల మీద కూర్చుని రొప్పుతున్నాం. నా ముక్కు నుంచీ అతని చెవి నుంచీ నెత్తురు కారుతోంది.

"ఫిల్ము మీద పడనీకండి" అంది బుర్గి.

చూపుడు వేలూ మధ్య వేలూ విరిగాయి. పిండికట్టు వేశారు. బుధవారం ఆవిడ తిరిగొచ్చి, ఎడంచేత్తో, కాకుల్ని తీసి వీట్ ముక్కని యథాస్థానంలో పెట్టింది. టెట్టెన్‌బోర్న్ రోజూ పక్కన కుర్చీ వేసుకుని కూర్చున్నాడు. చివరి రోజు అయిదో రీలు రెండుసార్లు చూసి, ఆ పధ్నాలుగు సెకన్లలోని మూడు వందల ముప్ఫయ్యారు ఫ్రేములు వేలితో లెక్కపెట్టి, డబ్బాకి సీలులా కాగితం అంటించి, దాని మీద అడ్డంగా సంతకం పెట్టి స్వయంగా నా బల్ల మీద ఉంచాడు.

"దీని ప్రకారం. ఒక్క ఫ్రేము తేడా వచ్చినా నీ చేతులు విరుస్తాను" అన్నాడు నాతో. ఆ వారంలో ఆ మాటకి అతిశయోక్తి విలువ లేదు.

బుర్గి ఓడిపోవడం నేను అప్పుడే మొదటిసారి చూశాననుకున్నాను. వీట్ ప్రుగ్గర్‌కి ఎలా చెప్పాలా అని కూడా ఆలోచించాను.

మర్నాడు పొద్దున్నే ఆవిడ నా గదిలోకి వచ్చి తలుపు వేసింది. చంకలో కెమెరా విభాగం వాళ్ళ రోజువారీ కాగితాలు. తీసిన ప్రతి టేకూ అందులో రాస్తారు, దర్శకుడికి నచ్చినదాని చుట్టూ గీత గీస్తారు. గీత ఉన్నవాటికే కాపీ వేసి ఎడిటర్‌కి పంపుతారు. మిగతావాటి నెగెటివ్ నా అటకమీద పడి ఉంటుంది. వాటిని ఎవరూ చూడరు. ఆ కాగితాలు కూడా ఎవరూ చదవరు. గొప్ప దర్శకులు అసలే చదవరు.

"చదువు" అంది.

"దెబ్బ, రెండో టేకు. చుట్టూ గీత. తెలుసు కదా."

"పైన."

పైన పెన్సిల్‌తో చిన్నగా ఉంది: దెబ్బ, ఒకటో టేకు, రిహార్సల్. కెమెరా తిరిగింది. కర్ర తగల్లేదు. ప్రుగ్గర్ పడ్డాడు.

అటక మీంచి డబ్బా దించి నెగెటివ్‌ని దీపపు బల్ల మీద పరిచాను. నెగెటివ్‌లో లోకం తిరగబడి ఉంటుంది. ఆకాశం నలుపు, బురద తెలుపు, వీట్ ముఖం బొగ్గులా. కర్ర అతని ముఖానికి జానెడు దూరంలోంచి పోయింది. వీట్ మాత్రం చెప్పిన మాట వినే మనిషి కాబట్టి పడిపోయాడు. చెయ్యి ముఖం మీదికి వెళ్ళింది. మోకాళ్ళు, పక్కకి ఒరగడం, బురద. టోపీ కూడా పడింది.

"ఏ చెయ్యి?" అంది.

"ఎడమ. ఎడమ కంటి మీదే."

"అందరం ఎడమవైపే పట్టుకుంటాం. కొట్టేవాళ్ళంతా కుడిచేతి వాటం కదా." భూతద్దంలోంచి చాలాసేపు చూసింది. "నాలుగు ఫ్రేములు ముందే పడుతున్నాడు. అవి వదిలేసి మొదలుపెట్టు. నెత్తురు లేదు, కానీ బురదుంది. మన డాక్టర్ గారికి బురదే నెత్తురు."

"బుర్గీ, సంతకం ఉన్న కాపీ అది. దాని ప్రకారం కోయకపోతే నాకు ఈ ఊళ్ళో మళ్ళీ ఎవడూ నెగెటివ్ ఇవ్వడు. నీకూ ఎవడూ సినిమా ఇవ్వడు."

"నిజమే" అంది. పిండికట్టు చెయ్యి బల్ల మీద పెట్టి కూర్చుంది. కట్టులోంచి రెండు వేళ్ళ కొసలు నల్లగా బయటికి కనిపిస్తున్నాయి.

నేను కత్తెర తీసుకున్నాను. ఇందులో నా ధైర్యం గురించి ఎవరూ గొప్పగా ఊహించుకోవద్దు. ఆవిడ కూర్చున్నంతసేపూ నేను ఇంకేమీ చెయ్యలేను, ఆవిడ లేచేలా లేదు. పూత ఏ వైపుందో నాకు తెలుసు, అయినా ఆవిడ గడ్డం చాచింది. తన చేతికి పట్టు లేదు కాబట్టి ఫిల్ముని నేనే ఆవిడ పెదవికి ఆనించాను. "ఊఁ" అంది. మూడు వందల ముప్ఫయ్యారు ఫ్రేములు. అతికించాను.

అసలు దెబ్బ నెగెటివ్‌ని కాల్చాలని చూశాం. ఈ కాలపు ఫిల్ము మండదు, ముడుచుకుని కంపు కొడుతుంది. అందుకని ఆవిడ ఎడంచేత్తో గోరంత గోరంత ముక్కలుగా కోసి, సంచిలో వేసి, వీధి దాటి కబేళా పేగుల తొట్టిలో పోసి వచ్చింది.

మొదటి ప్రింటు లాబరేటరీ చిన్న హాల్లో వేశారు. ఏడుగురం. టెట్టెన్‌బోర్న్ ముందు వరసలో, చెవికి దూదితో. మేమిద్దరం వెనక. పని కాపీలో ఆ దెబ్బని అతను రెండు వందల సార్లన్నా చూసి ఉంటాడు. నా దృష్టిలో మాకు నాలుగు రీళ్ళ ఆయుష్షు ఉంది. దగ్గర్లో ఇత్తడి బూడిదపళ్ళెం ఉంది. దాని బరువు చేత్తో చూసి పెట్టుకున్నాను.

అయిదో రీలు. కర్ర లేచింది. పంది అరిచింది. వీట్, రెండు కళ్ళూ చల్లగా ఉండగా, బురదలో పడ్డాడు. పక్కకి ఒరిగాడు. పడుకున్నాడు.

టెట్టెన్‌బోర్న్ లేచాడు. వెనక్కి తిరిగి, వరసల మధ్యలోంచి, కుర్చీలు తన్నుకుంటూ మా వైపు వచ్చాడు. తెర వెలుగు వెనకనుంచి పడుతోంది, ముఖం కనిపించడం లేదు. నేను పళ్ళెం పట్టుకున్నాను. బుర్గి కదల్లేదు. అతను వంగి ఆవిడ పిండికట్టు చేతిని రెండు చేతుల్తో పట్టుకున్నాడు. నేను పళ్ళెం ఎత్తాను. అతను ఆ కట్టుని ముద్దు పెట్టుకున్నాడు. ఏడుస్తున్నాడు.

"చూశావా?" అన్నాడు. "చూశావా బుర్గీ? ఇప్పుడు చెప్పు. దీన్ని ఎవడైనా నటించగలడా?"

"లేదు హెర్ డాక్టర్" అంది బుర్గి. "ఎవడివల్లా కాదు."

నేను పళ్ళెం దించి అందులో సిగరెట్ ఆర్పాను. సిగరెట్ అంటించి లేదు.

తర్వాతదంతా పత్రికల్లో ఉంది. ఒక ఉత్సవంలో ఆ దెబ్బ దగ్గర ఇద్దరు స్పృహ తప్పారు, ఒక న్యాయనిర్ణేత బయటికెళ్ళి పూలకుండీలో వాంతి చేసుకున్నాడు. ఉత్తరాది విమర్శకుడొకాయన ఆ పధ్నాలుగు సెకన్ల మీద నాలుగు కాలమ్‌లు రాశాడు. నిజమైన గాయం ముందు నటన అనేది ఎంత అసభ్యమో కెమెరా ఇన్నాళ్ళకి ఒప్పుకుందన్నాడు. ఒక బిషప్పు సినిమాని నిషేధించమన్నాడు. విశ్వవిద్యాలయంలో ఎవరో ఆ దృశ్యంలోని నైతిక సమస్య మీద డాక్టరేట్ తీసుకున్నారు. టెట్టెన్‌బోర్న్ ప్రతి సభలోనూ దాని గురించి మాట్లాడి, ప్రతిసారీ అదే చోట గొంతు బొంగురు పోనిచ్చేవాడు. బుర్గి అతనితో ఇంకో మూడు సినిమాలు చేసింది. వాటిలో ఒకదానికి అతని బొటనవేలు విరిగింది. ఆవిడ విరిగిన వేళ్ళు రెండూ సరిగ్గా అతకలేదు. ఎనభై నాలుగులో రిటైరయ్యేదాకా కత్తెర ఎడంచేత్తోనే పట్టింది.

వీట్‌కి ఆవిడ హోటల్లో చెప్పింది: "వెళ్ళి చూడు, మీ అమ్మాయిని కూడా తీసుకెళ్ళు. భయం లేదు. నువ్వు పడతావు, అంతే." వీట్ ఆవిడకి వంగి నమస్కారం పెట్టి, ఏం మాట్లాడాలో తెలియక బీరు తెప్పించాడు. హాలుకి వెళ్ళడానికి మాత్రం మనసొప్పలేదు. టీవీలో వస్తే చూస్తామన్నాడు.

డెబ్భై ఎనిమిదిలో ఒక ఆదివారం టీవీలో వచ్చింది. వీట్ ఇంట్లో భార్య, వ్రోని, పక్కింటివాళ్ళు అందరూ కూర్చున్నారు. మూడో రీలు నడుస్తుండగా రెండో ఛానల్లో బాక్సింగ్ మొదలైంది, వీట్ తనే లేచి అటు తిప్పాడు. దెబ్బ అయిదో రీల్లో ఉంటుంది.